గొంతూ, వంతా: గద్దర్ గానచరిత్ర

2025 జూన్ 14న తెలంగాణ ప్రభుత్వం హైదరాబాదులో చలనచిత్ర పురస్కారాలను ప్రదానం చేసింది. వాటి పేరు గద్దర్ పురస్కారాలు. పూర్వం నంది పురస్కారాలు వుండిన స్థానంలో యివి వచ్చాయి. 1995 నాటి ‘ఒరేయ్ రిక్షా’ చిత్రంలో అన్నాచెల్లెళ్ళ అనుబంధాన్ని గురించి రాసిన పాటకు ఆనాటి ప్రభుత్వం యీ నంది పురస్కారాన్నే ప్రకటిస్తే, గద్దర్ దాన్ని పుచ్చుకోనన్నాడు. ముప్ఫయ్యేళ్ళు తిరిగేసరికి, వద్దన్నవాని పేరే పురస్కారమై కూర్చున్నది.

దీన్ని చూచి కొందరు మిత్రులు నవ్వి వూరుకుంటున్నారు. కొందరు ఆగ్రహిస్తున్నారు. ఆయనకు దక్కవలసిన గౌరవం ఆలస్యంగానైనా దక్కిందని మరికొందరు సంతోషిస్తున్నారు. చరిత్ర చదువుకునేవారికి యీ మూడూ చాలవు. తనను ధిక్కరించిన గాయకుని పేరును ప్రభుత్వం తన పురస్కారానికి పెట్టుకోగలిగిందంటే, ఆ గానంలో యేదో ఒక భాగం ప్రభుత్వానికి యిమిడేదిగా మారివుండాలి. ఆ భాగం యేది? అది యెప్పుడు, యే కారణాలవల్ల మారింది? యీ ప్రశ్నలకు జవాబు వెదకటమే యీ వ్యాసం వుద్దేశం.

గద్దర్‌ను గురించి మన పత్రికలలో వచ్చిన రచనలు స్థూలంగా రెండు రకాలు. మొదటివి స్తోత్రాలు: ఆయన గొంతు ఒక అద్భుతం, అటువంటిది మళ్ళీ పుట్టదు, అంతే. రెండవవి తీర్పులు: ఫలానా సంవత్సరం దాకా ఆయన విప్లవకారుడు, ఆ తరువాత పతనమైనాడు అని గీత గీసేవి. పైకి విరుద్ధంగా కనపడే యీ రెంటికీ ఒక పోలిక వున్నది. పాట ఒక మనిషి గొంతులో పుట్టి, ఆ గొంతుతోపాటు యెదిగి, ఆ గొంతుతోపాటే చెడిపోతుందని రెండూ నమ్ముతాయి. ప్రజల పాట విషయంలో యిది పొరపాటు దృష్టి అని నా అభిప్రాయం. అటువంటి పాటకు గొంతు యెంత ముఖ్యమో వంత కూడా అంత ముఖ్యం. గద్దర్ అర్ధశతాబ్దపు గానచరిత్రను వంత వైపునుంచి చదివితే, స్తోత్రానికీ తీర్పుకూ అందని విషయాలు కొన్ని బయటపడతాయి.

వంత అంటే యేమిటో ముందు గుర్తు చేసుకోవాలి. బుర్రకథలో కథకుడు తంబురా మీటుతూ, అందెలు మోగిస్తూ కథ నడుపుతాడు. ఆయనకు అటొకరూ యిటొకరూ డక్కీలతో నిలబడతారు. ఒకరిది హాస్యం, మరొకరిది రాజకీయం. కథకుడు అన్న మాటను వీరు అందుకుంటారు, ఆపుతారు, ప్రశ్నిస్తారు, యెగతాళి పట్టిస్తారు, పాత కథను నేటి పన్నుల దగ్గరికీ నేటి పటేలు దగ్గరికీ లాక్కొస్తారు. 1943లో ప్రజానాట్యమండలి యేర్పడిన తరువాత షేక్ నాజర్ వంటి మహాకళాకారుల చేతిలో యీ రూపం రాజకీయాయుధమైంది. కథ సమకాలీనమయ్యేది వంత నోటనే. వంత లేని బుర్రకథకుడు యెంత గొప్ప గాయకుడైనా పురాణం చెప్పేవాడుగా మిగులుతాడు.

శ్రీకాకుళ పోరాటంలో సుబ్బారావు పాణిగ్రాహి జముకుల కథను యిదే విధంగా వాడాడు. 1969 డిసెంబరులో పోలీసులు ఆయనను కాల్చి చంపారు. కళారూపాన్ని జనం దగ్గరనుంచి తీసుకోవటం, దాన్ని వారి పోరాటంతో నింపి వారికే తిరిగి యివ్వటం, ఆ పనికి ప్రాణం చెల్లించవలసి రావటం - యీ మూడూ గద్దర్ రంగం మీదికి వచ్చేనాటికే మన సంప్రదాయంలో వున్నాయి. ఆయన శూన్యంలోనుంచి పుట్టుకొచ్చిన వింత గాయకుడు కాడు.

ఆయన యెక్కడినుంచి వచ్చాడో తెలియటానికి నగరపు ఉత్తరపు అంచున వున్న సుచిత్ర కూడలిని గుర్తుగా పెట్టుకోవచ్చు. ఉత్తరానికి సాగే జాతీయ రహదారి కొంపల్లి, మేడ్చల్ దాటి, సుమారు 40 కిలోమీటర్ల దూరాన తూప్రాన్ చేరుతుంది. అది గద్దర్ పుట్టిన వూరు. పడమటి వైపు జీడిమెట్ల పారిశ్రామికవాడ. తూర్పు వైపు అల్వాల్, అందులో వెంకటాపురం. ఆయన కాపురం పెట్టినది, గుండు దెబ్బలు తిన్నది, చివరకు మట్టిలో కలిసినది అక్కడే. మెదక్ పల్లెలనుంచి పనికోసం నగరానికి వచ్చిన కూలీ, మేస్త్రీ, హమాలీ, రిక్షా కార్మికుడు నడిచిన దారి యిది. గుమ్మడి విఠల్‌రావు అనే దళిత బాలుడు 1949లో శేషయ్య, లచ్చుమమ్మ దంపతులకు పుట్టి, నిజామాబాదులోనూ హైదరాబాదులోనూ చదివి, ఇంజనీరింగు చదువు మధ్యలో మాని, ఆ శ్రామికుల బాటనే నగరానికి చేరుకున్నాడు. ఆయన పాటలో పల్లె పదమూ బస్తీ పదమూ పక్కపక్కన నిలబడటానికి కారణం యీ దారిలోనే వున్నది.

మొదట ఆయన బుర్రకథ చెప్పేవాడు. 1970ల ఆరంభంలో బి. నర్సింగరావు నడిపిన ఆర్ట్ లవర్స్ సంస్థలో చేరాడు. 1971లో నర్సింగరావు ప్రోత్సాహంతో రిక్షా కార్మికుని మీద పాట కట్టాడు. 1972లో ఆ సంస్థే జననాట్యమండలిగా మారింది. తొలి పాటల సంపుటానికి ‘గద్దర్’ అని పేరు పెడితే, ఆ పేరు మనిషికే అంటుకుపోయింది. 1913లో అమెరికా పశ్చిమ తీరంలో పంజాబీ వలసకూలీలు కట్టిన గదర్ పార్టీకి అది స్మారకం. ఆ పార్టీ కూడా ‘గదర్ దీ గూంజ్’ పేర పాటల సంపుటాలు వేసి ప్రచారం చేసినదే. ఉర్దూలో గదర్ అంటే తిరుగుబాటు. అదే ధాతువునుంచి వచ్చిన గద్దార్ అంటే ద్రోహి. తెలుగు నోట ఒత్తు పడి గద్దర్ అయిన యీ పేరు రెంటికీ నడుమ నిలబడింది. ఆయన చివరి దశలో విమర్శకులు యీ శ్లేషను తనివితీరా వాడుకున్నారు. కాని శ్లేషతో చరిత్ర తేలదు.

జననాట్యమండలి పాట కట్టిన పద్ధతిని విద్యార్థులు శ్రద్ధగా పరిశీలించాలి. అక్కడ కొత్త బాణీ కోసం వెతుకులాట తక్కువ. నాట్లు వేసేటప్పటి పాట, జోలపాట, బతుకమ్మ పాట, ఒగ్గుకథ, యక్షగానం - జనానికి ముందే వచ్చిన వరుసను తీసుకుంటారు. పల్లవిలో అందరికీ పలికే చిన్న మాటలు పెడతారు. చరణంలో ఆ వూరి దొర, ఆ వూరి చెరువు, ఆ వూరి కూలిరేటు వస్తాయి. రెండవసారి పల్లవి వచ్చేసరికి వినేవారు పాడేవారవుతారు. బాణీ తెలిసినదే గనుక నేర్చుకోవలసిన శ్రమ లేదు. మాట కొత్తది గనుక పాత బాణీ పాత అర్థాన్ని మోయదు. పాట పూర్తయ్యేది వేదిక మీద కాదు, యెదురుగా కూచున్నవారి నోట.

వాద్యాల విషయం కూడా యిందులో భాగమే. మన పద్యనాటకానికి ఆధారం హార్మోనియం. మెట్లమీద వేళ్ళు ఆడించే ఆ పెట్టె శ్రుతిని స్థిరంగా పట్టి వుంచుతుంది, గాయకుడు దానిమీద ఆధారపడి రాగం తీస్తాడు, ప్రేక్షకుడు వన్స్‌మోర్ అంటాడు. రాగం తీసేవాడు ఒకడే, వినేవారు వేలు. జననాట్యమండలి ప్రధానంగా ఆధారపడినది డప్పు, డోలక్, కాలి గజ్జెల మీద. డప్పు మాదిగవాడ వాద్యం. చావుకూ, చాటింపుకూ, జాతరకూ వూరు పిలిపించుకుని, పని అయ్యాక వాడకు పంపించివేసిన వాద్యం. దాన్ని సభ మధ్యకు తేవటం ఒక కులచరిత్రను తిరగవేయటమే. పైగా డప్పు శ్రుతి పట్టదు, లయ పడుతుంది. లయ పట్టిన చోట శిక్షణ లేని గొంతు కూడా కలవగలదు. గోచీ, గొంగడి, చేతికర్ర, గజ్జెలు - గద్దర్ వేషం అనుకుంటున్నవన్నీ గొల్లవాని, కూలివాని నిత్యజీవితంలోనివి. ఒక్కని చిహ్నాలుగా అవి మారటం తరువాతి కథ.

ఆ కథకు ఆరంభం సినిమా. గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో నర్సింగరావు నిర్మాతగా ‘మా భూమి’ చిత్రం తయారై 1980లో విడుదలైంది. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు రాసిన 1947 నాటి నాటకం పేరు యీ చిత్రానికి వచ్చింది. కథకు ఆధారం మాత్రం కృష్ణచందర్ ఉర్దూ నవల. అందులో గద్దర్ తెరమీద కనబడి ‘బండెనక బండి కట్టి’ పాట పాడాడు. ఆ పాట కట్టినవాడు తెలంగాణ సాయుధపోరాట కాలపు బండి యాదగిరి. నేడు తెలుగు సాహిత్యం చదువుకుంటున్న విద్యార్థులను యీ పాట యెవరిదని అడిగితే, గద్దర్‌దని చెప్పేవారే యెక్కువ. యిందులో గద్దర్ చేసిన తప్పేమీ లేదు. ముప్ఫయ్యేళ్ళుగా మరుగున పడి వున్న పాటను ఆయన గొంతు కొత్త తరానికి చేర్చింది. కాని సినిమాకు ఒక గుణం వున్నది. తెర ఒక ముఖాన్ని చూపెడుతుంది, పాటను ఆ ముఖానికి కట్టివేస్తుంది. పొలంలో యాదగిరి పాటకు వంత పలికిన కూలీకి తెరముందు కూచుని వినటమే మిగిలింది. గొంతునూ వంతనూ విడదీసే పని అక్కడ మొదలైంది. ప్రభుత్వం చేయి పెట్టకముందే, మన మిత్రుల చేతులమీదుగా, సదుద్దేశంతో మొదలైంది.

అయితే ఆనాటికి వంత బలంగా వున్నది. 1980లో పీపుల్స్‌వార్ పార్టీ యేర్పడిన తరువాత జననాట్యమండలి దానికి అనుబంధంగా పనిచేసింది. ఉత్తర తెలంగాణలో రైతుకూలీ సంఘాలు, నగరంలో విద్యార్థి సంఘాలు పాటను వూరినుంచి వూరికి మోశాయి. ఉత్తరాంధ్రనుంచి వంగపండు ప్రసాదరావు యీ బృందంలో నిలిచాడు. ఆయన పాటల యాస వేరు, జీవితం వేరు; గద్దర్ పాటకు అది ప్రతిధ్వని కాదు, సమాన స్వరం. 1975లో కెనరా బ్యాంకులో గుమాస్తాగా చేరిన గద్దర్ 1984లో వుద్యోగం వదిలివేసి పూర్తికాలం కళాకారుడైనాడు. 1985 జూలై 17న ప్రకాశం జిల్లా కారంచేడులో భూస్వాములు మాదిగపల్లె మీద పడి ఆరుగురిని చంపారు. ఆయన కారంచేడు మీద పాట కట్టాడు. నిర్బంధం పెరిగింది. ఆ యేడే ఆయన అజ్ఞాతంలోకి వెళ్ళాడు.

1985నుంచి 1990దాకా ఆయన మన వూళ్ళలో కనపడలేదు. పాట మాత్రం ఆగలేదు. క్యాసెట్టులో తిరిగింది, పిల్లల నోట తిరిగింది, ఆయనను యెన్నడూ చూడనివారు ఆయన పాట పాడారు. గానచరిత్రలో నా దృష్టికి అత్యంత విలువైన దశ యిదే. గాయకుడు లేని చోట పాట బతికిందంటే వంత తనంత తాను నిలబడిందన్నమాట. 1990 ఫిబ్రవరిలో చెన్నారెడ్డి ప్రభుత్వం ఆంక్షలను సడలించినప్పుడు ఆయన బయటికి వచ్చాడు. నిజాం కళాశాల మైదానంలో జరిగిన సభకు నగరం పట్టనంత జనం వచ్చారు. ఆ జనం ఒక గాయకుని చూడటానికి వచ్చారని పత్రికలు రాశాయి. అయిదేళ్ళపాటు తాము మోసిన పాటను కలిసి పాడుకోవటానికి వచ్చారని చెప్పటం నిజానికి దగ్గర. కాని ఆ రాత్రినుంచి ఆయన ఒక కళాబృందంలో ముందు నిలిచిన గాయకుడు మాత్రమే కాడు. ఆయన పేరే ఒక శక్తి అయింది. పేరు శక్తి అయినప్పుడు దాన్ని భయపెట్టటానికీ, కొనటానికీ, పూజించటానికీ వీలు కలుగుతుంది.

యిటువంటి చరిత్ర మనకొక్కరికే లేదు. నైజీరియా గాయకుడు ఫేలా కూటీని చూడండి. పాడేవాడు, శాక్సఫోను వూదేవాడు, విద్యుత్ కీబోర్డు మెట్లమీద వేళ్ళు ఆడించేవాడు. ఆఫ్రికా లయకు పశ్చిమ దేశాల జాజ్, ఫంక్ సంగీతాన్ని కలిపి, ఒక్కొక్క పాటను పదీ పదిహేను నిమిషాలు సాగదీసి, గాయనీబృందం వంత పలుకుతూవుండగా సైనిక ప్రభుత్వాన్ని దుమ్మెత్తిపోశాడు. 1977 ఫిబ్రవరిలో లాగోసులోని ఆయన నివాసం మీద సైనికులు పడి తగులబెట్టారు. వారు కిటికీనుంచి తోసివేసిన ఆయన వృద్ధమాత 1978లో మరణించింది. ఆయన సొంత రాజకీయపక్షం పెట్టి అధ్యక్ష పదవికి పోటీ చేయబోతే సాగనివ్వలేదు. 1997లో ఆయన చనిపోయాడు. 2012లో ఆయన యింటిని ప్రదర్శనశాలగా మార్చటానికి లాగోస్ రాష్ట్ర ప్రభుత్వమే డబ్బిచ్చింది. తగులబెట్టటమూ, ప్రదర్శనకు పెట్టటమూ రెండూ రాజ్యం చేయగలదు. నడుమ కావలసినదల్లా కొంత కాలం, తిరిగి మాట్లాడలేని గాయకుడు.

మన దగ్గర ఆ కాలం యెలా గడిచిందో చూద్దాం. 1992లో పీపుల్స్‌వార్‌ను, దాని అనుబంధ సంఘాలను ప్రభుత్వం నిషేధించింది. యెదురుకాల్పుల పేర యువకుల శవాలు వరసగా పల్లెలకు చేరాయి. కొన్ని చేరనూ లేదు. ఆ శవాలను బంధువులకు అప్పగించాలని సాగిన ప్రయత్నంలో గద్దర్ ముందు నిలిచాడు. 1997 ఏప్రిల్ 6న వెంకటాపురంలోని ఆయన యింటికి వచ్చిన దుండగులు ఆయనమీద కాల్పులు జరిపారు. వెన్నెముక దగ్గర దిగిన గుండును వైద్యులు తీయలేకపోయారు. మరణించేదాకా, మరి 26 యేళ్ళు, ఆయన దాన్ని మోస్తూనే ఆడాడు, పాడాడు. యీ దాడి వెనుక పోలీసులు వున్నారని ఆయనా, ప్రజాసంఘాలూ ఆరోపించారు.

గద్దర్ బతికాడు. వంతలో వున్నవారు అందరూ బతకలేదు. 1999 మే నెలలో భువనగిరి ప్రాంతపు గాయని బెల్లి లలితను హతమార్చి, శరీరాన్ని ముక్కలుగా నరికి పడవేశారు. తెలంగాణ జనసభ సభలలో పాడిన శ్రామిక స్త్రీ ఆమె. గద్దర్ మీద దాడి ప్రపంచమంతటా వార్త అయింది. లలిత పేరు నేటి విద్యార్థులలో చాలామందికి తెలియదు. దళంలో పాటలు కట్టి, పేరు కూడా మిగలకుండా పోయినవారు యెందరో. ప్రసిద్ధమైన గొంతును కాల్చినప్పుడు లోకం అడుగుతుంది. ప్రసిద్ధం కాని గొంతులను ఒక్కొక్కటిగా తీసివేస్తే అడిగేవారు తక్కువ. చివరికి ప్రసిద్ధమైన గొంతు ఒక్కటే మిగులుతుంది. 1990ల నిర్బంధం పాటకు చేసిన అసలు హాని యిదేనని నేననుకుంటున్నాను. అది గొంతు నొక్కలేకపోయింది, వంతను తెంపగలిగింది.

2002లోనూ 2004లోనూ ప్రభుత్వానికీ నక్సలైటు పార్టీకీ మధ్య చర్చల ప్రయత్నం జరిగినప్పుడు గద్దర్ వరవరరావు తదితరులతోపాటు పార్టీ ప్రతినిధిగా వ్యవహరించాడు. 2004 అక్టోబరులో నిజంగానే చర్చలు జరిగాయి, కొద్ది నెలలలోనే భగ్నమయ్యాయి. ఆ తరువాతి నిర్బంధంలో ఉత్తర తెలంగాణలో ఆ వుద్యమం దాదాపుగా తుడిచిపెట్టుకుపోయింది. పాటకు చోటు యిచ్చిన సంఘాలు పోయాయి.

సరిగ్గా యీ ఖాళీలోకి తెలంగాణ రాష్ట్రోద్యమం వచ్చింది. పాటకు మళ్ళీ జనం దొరికారు, మునుపటికన్నా యెక్కువమంది దొరికారు. 2010 అక్టోబరులో గద్దర్ తెలంగాణ ప్రజాఫ్రంట్‌ను ప్రారంభించాడు. 2011లో ‘జై బోలో తెలంగాణ’ చిత్రానికి ఆయన రాసి పాడిన పాట వుద్యమపు యింటిపాట అయింది. ఆ పాటకు వుత్తమ గాయకునిగా నంది పురస్కారం కూడా ప్రకటించారు. యిక్కడ ఒక భేదాన్ని గమనించాలి. వెనుకటి పాటలో చరణం దొర దగ్గర ఆగేది. కూలీకి, పటేలుకు నడుమ గీత గీసేది. రాష్ట్రోద్యమపు పాటలో గీత ప్రాంతానికీ ప్రాంతానికీ నడుమ పడింది. పొలం వున్నవాడూ లేనివాడూ ఒకే వంత పలికారు. ఆ ఐక్యతకు చారిత్రక న్యాయం వున్నదని నేను కాదనను. వంచితమైన ప్రాంతపు ఆకాంక్ష న్యాయమైనదే. కాని వంతలో అందరూ వున్నప్పుడు, రేపు అధికారంలోకి రాబోయేవారు కూడా అందులో వుంటారు. 2014 జూన్ 2న రాష్ట్రం వచ్చిన తరువాత వారు ఆ పాటను తమ వారసత్వంగా చెప్పుకోవటానికి యే అడ్డూ లేకపోయింది.

కొత్త ప్రభుత్వం తెలంగాణ సాంస్కృతిక సారథి అనే సంస్థను పెట్టి, సుమారు 550 మంది కళాకారులకు వుద్యోగాలు యిచ్చింది. ధూంధాం వేదికలలో ఆడి పాడిన పేద, దళిత, వెనుకబడిన కులాల యువతీయువకులు వారు. వారు నెల జీతం పుచ్చుకోవటాన్ని తప్పుపట్టే అర్హత, మొదటి తారీఖున జీతం అందుకునే నాబోటి అధ్యాపకునికి లేదు. పాటగాడు ఆకలితో వుండాలన్న నియమం అభ్యుదయవాదుల నియమం కాదు. అయితే ఫలితాన్ని ఫలితంగానే చెప్పాలి. నిర్బంధంలో మిగిలిన వంత ప్రభుత్వ పథకాలను ప్రచారం చేసే వుద్యోగంగా మారింది. ఒకప్పుడు చరణంలో కూలిరేటు వచ్చిన చోట యిప్పుడు పథకం పేరు వచ్చింది. బాణీ అదే, డప్పు అదే.

గద్దర్ చివరి పదేళ్ళను యీ నేపథ్యంలో చూడాలి. ఆయన మావోయిస్టు పార్టీకి దూరమైనాడు. ఆలయాలను దర్శించాడు. 2018 డిసెంబరు యెన్నికలలో జీవితంలో మొదటిసారి వోటు వేశాడు. 2023 జూన్‌లో గద్దర్ ప్రజాపార్టీ పెడుతున్నట్టు ప్రకటించాడు. జూలై 2న ఖమ్మంలో కాంగ్రెసు సభలో రాహుల్ గాంధీని ముద్దాడాడు. స్తోత్రకర్తలు యీ పదేళ్ళను దాటవేస్తారు. తీర్పరులు యీ పదేళ్ళనే చదువుతారు. తీర్పరుల వాదంలో బలం లేకపోలేదు. కాల్చమన్నవారి వారసులతో, కాల్పులకు బలి అయినవారి గాయకుడు వేదిక పంచుకోవటం ఆ బలి అయినవారి తల్లులకు యెలా వుంటుందని వారు అడుగుతారు. అది అడగవలసిన ప్రశ్నే. వంత తెగిపోయినంత మాత్రాన గాయకుని బాధ్యత తీరిపోదు. వంగపండు 2020లో కన్నుమూసేదాకా తన వూళ్ళ వైపే వుండి పాడాడని వారు గుర్తు చేస్తే నేను కాదనలేను.

కాని మరొక వైపు కూడా వున్నది. గుండు మోస్తూ డెబ్బయ్యవ పడిలో పడిన దళిత కళాకారుడు అంబేద్కర్ వైపు, బుద్ధుని వైపు, రాజ్యాంగం వైపు చూశాడు. తుపాకీతో రాని మార్పును వోటుతో వెతకటం ద్రోహమని చెప్పాలంటే, ముందు ఆ తుపాకీ దారి యెక్కడికి చేరిందో చెప్పగలగాలి. అన్నిటినీ మించి, వంద గొంతుల బరువును ఒక్క గొంతు మీద మోపి, అది వంగిందని నిందించటం న్యాయం కాదు. చివరి యేళ్ళలో ఆయన ఒక వేదికనుంచి మరొక వేదికకు తిరగటాన్ని నేను యిలా అర్థం చేసుకుంటాను: వంతకు అలవాటు పడిన గొంతు వంతకోసం వెతుకుతున్నది. దొరికిన చోటల్లా చప్పట్లు దొరికాయి. చప్పట్లు వంత కావు.

2023 ఆగస్టు 6న ఆయన హైదరాబాదులో చనిపోయాడు. మరునాడు లాల్‌బహాదూర్ స్టేడియంనుంచి అల్వాల్ దాకా జనప్రవాహం మధ్య వూరేగింపు సాగింది. తాను స్థాపించిన మహాబోధి విద్యాలయం ఆవరణలో, బౌద్ధ పద్ధతిన, అధికార లాంఛనాలతో ఖననం జరిగింది. నక్సలైట్ల చేతిలో మరణించిన పోలీసుల తరఫున మాట్లాడేవారు ఆ లాంఛనాలకు అభ్యంతరం చెప్పారు. మావోయిస్టు పార్టీ సంతాపం తెలుపుతూనే, ఆయన పార్లమెంటరీ మార్గం పట్టాడని విమర్శించింది. 2024 జనవరి 31న ముఖ్యమంత్రి రేవంత్‌రెడ్డి గద్దర్ పేర పురస్కారాలను ప్రకటించాడు. మరుసటి యేడు ఆయనకు పద్మ పురస్కారం యివ్వలేదని రాష్ట్ర ప్రభుత్వమూ, యివ్వబోమని కేంద్రంలోని పాలకపక్షమూ వాదులాడుకున్నాయి. యీ తగాదాలన్నిటిలోనూ చర్చ ఒక మనిషి గౌరవాన్ని గురించే. ఆ మనిషి యే కూలిరేటుకోసం, యే భూమికోసం, యే శవాలకోసం పాడాడో ఆ చర్చలో లేదు. మొదట వేసిన ప్రశ్నకు జవాబు యిక్కడే దొరుకుతున్నది. ప్రభుత్వానికి యిమిడినది గొంతు. యిమడనిది వంత.

అందువల్ల అధ్యాపకులముగా, విద్యార్థులముగా మనం చేయవలసిన పని పురస్కారాన్ని యెగతాళి చేయటం కన్నా కష్టమైనది. మన పాఠ్యపుస్తకాలలో ప్రజాగేయం వచ్చిన చోట దాని కర్త పేరు, ఆ బాణీ తీసుకున్న మూలగేయం, మొదట పాడిన వూరు, ఆ వూరి తగవు తెలిసినంతవరకు రాయాలి. బండి యాదగిరి పాటను బండి యాదగిరికి తిరిగి యివ్వాలి. బెల్లి లలితను తెలుగు గేయచరిత్రలో చేర్చాలి. జననాట్యమండలిలో డప్పు కొట్టినవారు, వంత పాడినవారు మెదక్, కరీంనగర్, శ్రీకాకుళం వూళ్ళలో కొందరు యింకా బతికే వున్నారు; వయసు మీద పడిన వారి దగ్గరకు విద్యార్థులు వెళ్ళి, వారి గొంతులో, వారి పేరుతో పాటలను సేకరించాలి. ఒక్కొక్క కళాశాల తెలుగు శాఖ తన చుట్టుపక్కల వూళ్ళ వరకు యీ పని చేసినా చాలును. మేడ్చల్, శామీర్‌పేట, అల్వాల్ ప్రాంతపు కళాశాలలు తూప్రాన్ దారినుంచే మొదలుపెట్టవచ్చు.

అన్నిటికన్నా ముఖ్యమైనది మరొకటి. నేడు జీడిమెట్ల కర్మాగారాలలో ఒడిశానుంచి, బీహారునుంచి వచ్చిన కార్మికులు పనిచేస్తున్నారు. గద్దర్ నడిచివచ్చిన దారినే, మరింత దూరంనుంచి, వారు వచ్చారు. వారి కూలిరేటు గురించి, వారి గదుల అద్దె గురించి, యంత్రంలో పడి తెగిన వారి వేళ్ళ గురించి యే భాషలో యే పాట వున్నదో మనకు తెలియదు. తెలుసుకునే ప్రయత్నం కూడా మనం చేయలేదు. గద్దర్ గానచరిత్ర ఆయన మరణంతో ముగిసిందా లేదా అన్నది ప్రభుత్వ వేదికమీద తేలే విషయం కాదు. అది ఆ గదులలో, షిఫ్టు ముగిసిన తరువాత, యెవరో ఒకరు పల్లవి యెత్తుకుంటే పక్కవాడు అందుకుంటాడా లేదా అన్నదానిమీద తేలుతుంది.